మూడు భాషల పెళ్ళికి ఒక్క డీజే

పెళ్ళిలో వంట బాగాలేకపోతే పదిమంది పదిరకాలుగా చెబుతారు. పాట బాగాలేకపోతే మాత్రం ఎవరూ ఏమీ అనరు, నెమ్మదిగా లేచి గదులకి వెళ్ళిపోతారు. సొంత ఊళ్ళో పెళ్ళయితే అదేం పెద్ద నష్టం కాదు, ఎలాగూ మర్నాడు ఎవరి పనులు వాళ్ళకుంటాయి. కానీ విమానాలెక్కి వచ్చిన నూటయాభై మందిని మూడు రోజులపాటు ఒక సముద్రపు ఒడ్డున కూర్చోబెట్టాక, అందులో సగంమందికి మిగతా సగంమంది భాష రానప్పుడు, వాళ్ళని ఒకచోట ఉంచగలిగేవి తిండీ పాటా మాత్రమే. తిండి సంగతి హోటలువాళ్ళు చూసుకుంటారు. పాట సంగతి మీరే చూసుకోవాలి.

మాట్లాడుకోవడానికి వీలుగా ఒక పెళ్ళిని ఊహించుకుందాం. అమ్మాయిది గుంటూరు, ఉద్యోగం డాలస్‌లో. అబ్బాయీ డాలస్‌వాడే, తాతగారి కాలంలో మెక్సికో నుంచి వచ్చిన కుటుంబం, ఇంట్లో స్పానిష్ మాట్లాడతారు. పెళ్ళి గోవాలో. అటు టెక్సాస్ నుంచి, మెక్సికోలోని మాంటెరే నుంచి యాభైమంది. ఇటు గుంటూరు, హైదరాబాదుల నుంచి వందమంది. ఇవి చాలవన్నట్టు ఆఫీసు స్నేహితుల్లో ఒక పంజాబీ జట్టు. ఇలాంటి పెళ్ళిళ్ళు ఇప్పుడు వింతేమీ కాదు. డాలస్ చుట్టుపక్కల తెలుగువాళ్ళూ ఎక్కువే, మెక్సికో మూలాలున్నవాళ్ళూ ఎక్కువే. ఒకే ఆఫీసులో పనిచేస్తారు, ఒకే అపార్టుమెంటులో ఉంటారు, మిగతాది మీకు తెలిసిందే.

ఇలాంటి ఇంట్లో డీజే ప్రస్తావన మొదటిసారి ఎలా వస్తుందో చూడండి.

"నాన్నా, డీజేని మాట్లాడాలి."

"హోటలువాళ్ళే ఇస్తారు కదమ్మా, ప్యాకేజీలో ఉందన్నారు."

"ఆయనకి మన పాటలు తెలుసో లేదో."

"ఫోన్లో లేని పాట ఏముందే? ఎవడైతే ఏంటి, నొక్కడమేగా!"

నాన్నగారి మాటలో న్యాయం లేకపోలేదు. పాటలు ఇవాళ అందరి జేబుల్లోనూ ఉన్నాయి. అందుకే పాటలున్న మనిషి కోసం వెతకడం దండగ. పాటలు కావాలంటే మనమే ఇస్తాం. ఎప్పుడు వెయ్యాలో, ఎప్పుడు ఆపాలో తెలిసినవాడు కావాలి. అంతకంటే ముఖ్యంగా, తనకి ఏది తెలియదో తెలిసినవాడు కావాలి. ఈ చివరి రకం మనిషి దొరకడం కష్టం. ఈ అధ్యాయం అతన్ని పట్టుకోవడం గురించే.

ముందు మనవాళ్ళ లెక్క

డీజేకి ఫోన్ చేసేముందు ఒక సాయంత్రం కూర్చుని అతిథుల జాబితా మళ్ళీ రాయండి. ఈసారి మేనమామలు, పెద్దనాన్నలు అని వరసల ప్రకారం వద్దు. ఆడేవాళ్ళెవరు, చూసేవాళ్ళెవరు, తొందరగా పడుకునేవాళ్ళెవరు అని రాయండి. గుంటూరు వైపు అరవై దాటినవాళ్ళు ఆడరు, కుర్చీలు దగ్గరకి లాక్కుని చూస్తారు. అది వాళ్ళ సరదా, దాన్ని తక్కువ చెయ్యొద్దు; వాళ్ళ మనవరాలు ఆడుతున్నంతసేపూ కదలరు. మెక్సికన్ కుటుంబాల్లో కథ వేరు. కుంబియా అనే డాన్సు పాట మొదలైతే నాయనమ్మ కూడా తాతగారి చెయ్యి పట్టుకుని లేస్తుంది. హైదరాబాదు కుర్రాళ్ళకి తీన్మార్ దరువు పడాలి. పంజాబీ జట్టుకి ఢోల్ వినపడితే చాలు, మిగతాది వాళ్ళే చూసుకుంటారు. ఘంటసాల పాటలు కావాలనేవాళ్ళు కనీసం ఒక టేబులు ఉంటారు. వాళ్ళకి భోజనాల వేళ, పక్కవాళ్ళ మాట వినపడేంత మెల్లగా వేస్తే ప్రాణం లేచొస్తుంది.

తరవాత ఏ కార్యక్రమానికి డీజే అవసరమో తేల్చండి. అన్నిటికీ అక్కర్లేదు. పెళ్ళికూతుర్ని చెయ్యడానికి, మంగళస్నానాలకి ఒక మంచి స్పీకరూ ఒక పిన్నీ ఉంటే సరిపోతుంది. సంగీత్‌కి, అబ్బాయి ఊరేగింపుకి, రిసెప్షన్‌కి డీజే తప్పనిసరి. ముహూర్తం దగ్గర అతను డీజే కాదు, మైకులు చూసే మనిషి. దాని సంగతి కాసేపట్లో చెబుతాను.

ఇక్కడ చాలామంది మరిచిపోయేది గడియారం. చలికాలంలో మనకీ డాలస్‌కీ పదకొండున్నర గంటల తేడా. అంటే గోవాలో రాత్రి ఎనిమిదికి సంగీత్ మొదలుపెడితే, టెక్సాస్ నుంచి అదేరోజు దిగినవాళ్ళ ఒంటికి అది ఉదయం ఎనిమిదిన్నర, అదీ రాత్రంతా నిద్రలేకుండా గడిపాక. బల్లమీద తల పెట్టి పడుకుంటారు. అదే మన పంతులుగారు తెల్లవారుజామున మూడింటికి ముహూర్తం పెట్టారనుకోండి, వాళ్ళకి మధ్యాహ్నం మూడున్నర! కళ్ళు విప్పార్చుకుని కూర్చుంటారు, కునికిపాట్లు పడేది మనవాళ్ళే. కాబట్టి సంగీత్‌ని వాళ్ళు దిగిన రోజునే పెట్టకండి, కనీసం ఒక రాత్రి నిద్ర పోనివ్వండి. ఎంత గొప్ప డీజే అయినా నిద్రమత్తులో ఉన్న జనాన్ని లేపలేడు.

పది గంటల గీత

మన దేశంలో పెళ్ళి చేస్తున్నారు గనక ఒక చట్టం గురించి తెలుసుకోవాలి. 2000 సంవత్సరపు శబ్ద కాలుష్య నియంత్రణ నిబంధనల ప్రకారం రాత్రి 10 నుంచి ఉదయం 6 దాకా ఆరుబయట లౌడ్‌స్పీకర్లు వాడకూడదు. స్పీకర్లతో ఆగలేదు, వాద్యాలూ ఆ నిషేధంలో ఉన్నాయి. నాలుగు గోడల మధ్య, అంటే మూసిన హాలులో, ఆ హాలులోనివాళ్ళ కోసం వాడుకోవచ్చు. పండగలకి రాష్ట్ర ప్రభుత్వాలు ఏడాదిలో 15 రోజులు మించకుండా అర్ధరాత్రి 12 దాకా సడలింపు ఇవ్వొచ్చు గానీ, మీ పెళ్ళిరోజు ఆ 15లో పడుతుందని ఎవరూ హామీ ఇవ్వలేరు.

దీన్నిబట్టి రెండు సంగతులు తేలతాయి. సముద్రపు ఒడ్డున లాన్‌లో పాటల కార్యక్రమం పదింటికి ఆగిపోతుంది, కాబట్టి అది సాయంత్రం ఆరున్నరకల్లా మొదలవ్వాలి. మనవాళ్ళు ఎనిమిదన్నదాన్ని తొమ్మిదిన్నర చేస్తే మిగిలేది అరగంట. రెండోది, తెల్లవారుజాము ముహూర్తమైతే సన్నాయి మేళంతో సహా మండపం లోపలి హాలులోకి రావాలి. హోటల్ని ఎంచుకునేటప్పుడే అడగండి: పదింటి తరవాత మమ్మల్ని ఏ హాలులోకి పంపుతారు, దాంట్లో ఎంతమంది పడతారు, అక్కడ ఇంకో సౌండ్ సిస్టమ్ ఉందా, లేక బయటిది ఊడదీసి లోపలికి మోసుకెళ్ళాలా? ఊడదీసి మళ్ళీ బిగించడానికి కనీసం గంట పడుతుంది. ఆ గంటలో జనం చెల్లాచెదురవుతారు. ఇంకో దారి, అందరికీ హెడ్‌ఫోన్లు ఇచ్చి ఆడించడం. కుర్రాళ్ళకి బాగుంటుంది. బయటినుంచి చూసే పెద్దవాళ్ళకి మాత్రం వీళ్ళకేమైందో అర్థంకాదు.

పాటల లైసెన్సు ఇంకో తలనొప్పి. 1957 కాపీరైటు చట్టంలోని 52వ సెక్షన్ పెళ్ళి ఊరేగింపులకీ పెళ్ళికి సంబంధించిన వేడుకలకీ మినహాయింపు ఇస్తుంది. 2023 జులైలో కేంద్రం ఆ సంగతే గుర్తుచేస్తూ నోటీసు కూడా ఇచ్చింది. 2024లో గోవా ప్రభుత్వం అదే తరహాలో ఒక సర్క్యులర్ ఇస్తే, బొంబాయి హైకోర్టు గోవా బెంచి దాన్ని కొట్టేసింది. ఫలితం ఏమిటంటే, చట్టంలో మినహాయింపు ఉన్నా, చాలా హోటళ్ళు ముందుజాగ్రత్తగా లైసెన్సు కాగితం చూపిస్తేనే సిస్టమ్ పెట్టనిస్తాయి. పెళ్ళిరోజు మేనేజరుతో చట్టం గురించి వాదించి గెలవలేరు. లైసెన్సు కావాలంటున్నారా, కావాలంటే ఎవరు కట్టాలి అన్నది హోటల్ ఒప్పందంలోనే రాయించుకోండి.

ఎక్కడివాడు కావాలి

డాలస్‌లో తెలుగు, హిందీ, స్పానిష్ మూడూ వేసే డీజేలు దొరుకుతారు. అక్కడి పెళ్ళిళ్ళే వాళ్ళకా చదువు చెప్పాయి. కానీ అతన్ని గోవా తేవాలంటే టికెట్టు, గది, భోజనం, రెండు రోజుల సంపాదన పోయినందుకు పరిహారం. అన్నిటికంటే ముందు వీసా. టూరిస్టు వీసా మీద వచ్చి డబ్బు తీసుకుని పనిచెయ్యకూడదు. ఓసీఐ కార్డున్నవాడైతే ఆ చిక్కు ఉండదు. సామాను మాత్రం మొయ్యనివ్వకండి. అమెరికా కరెంటు 120 వోల్టులు, మనది 230. ప్లేయర్లు, మిక్సరు, స్పీకర్లు అన్నీ గోవాలోనే అద్దెకి దొరుకుతాయి. అతను హెడ్‌ఫోన్లు, ల్యాప్‌టాప్, పాటలు ఎక్కించిన రెండు పెన్‌డ్రైవులు పట్టుకుని వస్తే చాలు.

హైదరాబాదు నుంచి తెస్తే తెలుగు, హిందీ, పంజాబీ భద్రం. స్పానిష్ నేర్పాలి. గోవావాడైతే ఆ హోటల్లో కరెంటు ఎక్కడ పోతుందో, పక్క విల్లా యజమాని ఎప్పుడు ఫిర్యాదు చేస్తాడో తెలుసు. విదేశీయుల్ని ఆడించి ఆడించి చెయ్యి తిరిగి ఉంటుంది. మన పాటల దగ్గర మాత్రం ఆగిపోతాడు. తెలుగంటే అతనికి ఇన్‌స్టాగ్రామ్‌లో తిరిగిన నాలుగు పాటలు.

నన్నడిగితే ఈ పెళ్ళికి హైదరాబాదువాడే మేలు. స్పానిష్ పాటల జాబితా అబ్బాయి చెల్లెలు ఇవ్వగలదు, పదిమంది చేత వినిపించి సరిచూడగలదు. తీన్మార్ ఎప్పుడు పడాలో మాత్రం జాబితా ఇచ్చి నేర్పడం కుదరదు. ఇద్దరు డీజేలని పెడితే పోలేదా అంటారు కొందరు. ఇద్దరుంటే రాత్రి సగంలో చీలిపోతుంది. మీవాడు వేసినంతసేపు మీవాళ్ళు ఆడతారు, మావాడు రాగానే మీవాళ్ళు బార్ దగ్గరకి వెళ్తారు. అందరూ కలిసి ఆడాలని కదా ఇంతదూరం వచ్చింది!

హోటల్ ప్యాకేజీలో వచ్చే డీజేని వెంటనే కాదనకండి, వెంటనే ఒప్పుకోనూ వద్దు. అతన్నీ మిగతావాళ్ళలాగే పరీక్షించండి. బయటివాళ్ళని తెచ్చుకుంటే కొన్ని హోటళ్ళు అదనంగా రుసుము అడుగుతాయి. ఆ మొత్తం తెలియకుండా ఎవరి కొటేషనూ పోల్చలేరు.

అరగంట సంభాషణ

డీజేతో వీడియో కాల్ మాట్లాడినప్పుడు అమ్మాయి, అబ్బాయితోపాటు రెండువైపుల నుంచీ ఒక్కో మనిషి ఉండాలి. "తెలుగు పాటలున్నాయా, స్పానిష్ ఉన్నాయా" అని మాత్రం అడగకండి. లేవన్న డీజే భూమ్మీద లేడు. ఇలా అడగండి.

"మంగళసూత్రం కట్టేటప్పుడు మీరేం వేస్తారండీ?"

ఒకడు ఉత్సాహంగా చెబుతాడు: "సర్, ఒక మంచి సినిమా బీజీయం ఉంది, అదిరిపోద్ది. స్మోక్ కూడా పెడదాం."

ఇంకొకడు కాసేపు ఆగి చెబుతాడు: "ఏమీ వెయ్యనండి. ఆ టైము సన్నాయివాళ్ళది. పంతులుగారి మైకొకటి ఉంచి మిగతావన్నీ కిందకి దించేస్తాను. తలంబ్రాలు మొదలయ్యాక మీరు సైగ చేస్తే అప్పుడు చూద్దాం."

రెండోవాడి నంబరు దాచుకోండి. మొదటివాడికి పాటలు ఎక్కువ తెలిసి ఉండొచ్చు, కానీ పెళ్ళి ఎవరిదో అతనికి తెలియదు.

రెండో ప్రశ్న: "ఎడిటింగ్ చెయ్యని పావుగంట రికార్డింగ్ పంపుతారా? లైట్లు కాదు, ఆడుతున్నవాళ్ళు కనపడాలి." ఇన్‌స్టాగ్రామ్ రీల్‌లో ప్రతి డీజే ఇరవై సెకన్లు బాగుంటాడు. పావుగంటలో కనీసం ఒకసారి జనం పలచబడతారు. అప్పుడతను ఏం చేశాడన్నది మీకు కావాలి. వెంటనే పాట మార్చాడా, మైకు పట్టుకుని అరిచాడా, అసలు గమనించనేలేదా? అరిచేవాడిని వదిలెయ్యండి. "కమాన్ కమాన్" అంటే ఏ భాషవాడూ లేవడు.

మూడోది అడగడానికి మొహమాటపడతారు, పడకండి: "మీకు రానిదేంటి?" స్పానిష్ పాటలు పది కంటే ఎక్కువ తెలియవు, రెండు నెలల టైమివ్వండి, వాళ్ళ ఇంట్లో ఎవరిదైనా నంబరివ్వండి అన్నాడనుకోండి, అతను పని నేర్చుకున్నవాడు. "నాకు అన్నీ వచ్చు సర్" అన్నవాడితో కాల్ మర్యాదగా ముగించండి.

ఆ తరవాత, మీతో మాట్లాడుతున్న మనిషే వస్తాడా అని అడగండి. పేరున్న సంస్థలు ఒకే ముహూర్తానికి నాలుగైదు పెళ్ళిళ్ళు ఒప్పుకుంటాయి. మాట్లాడేది యజమాని, వచ్చేది మొన్న చేరిన కుర్రాడు. ఒప్పందంలో ఆ మనిషి పేరు ఉండాలి.

ఆరు దెబ్బల వంతెన

ఒక భాష పాట నుంచి ఇంకో భాష పాటకి వెళ్ళేటప్పుడే జనం కింద కూర్చుంటారు. దీనికి కారణం భాష అనుకుంటాం. చాలాసార్లు అది తాళం. మన తీన్మార్ దరువు, మాస్ పాటలు చాలావరకు తిశ్రంలో నడుస్తాయి, ఆరు దెబ్బల నడక. ఆస్కార్ తెచ్చిన 'నాటు నాటు' కూడా ఆ నడకే. స్పానిష్‌లోని రెగెటాన్, కుంబియా, ఇంకా క్లబ్బు పాటలు నాలుగు దెబ్బలవి. ఆరులో ఊగుతున్న కాళ్ళ కింద హఠాత్తుగా నాలుగు పెడితే అడుగు తప్పుతుంది. తప్పినవాళ్ళు నవ్వుకుంటూ మంచినీళ్ళకి వెళ్తారు, తిరిగిరారు.

చెయ్యి తిరిగినవాడు ఇక్కడ వంతెన వేస్తాడు. మెక్సికో మరియాచీ సంగీతంలో 'సోన్' అనే రకం ఉంది, అదీ ఆరు దెబ్బల నడకే. వాళ్ళు దాదాపు రెండో జాతీయగీతంలా చూసుకునే 'సోన్ దె లా నెగ్రా' అందులోదే. 'నాటు నాటు' చివర వేగాన్ని కాస్త సర్ది ఆ మరియాచీ బాకాలు వినిపిస్తే, అబ్బాయి తరఫువాళ్ళు కేకపెట్టి లేస్తారు. మనవాళ్ళ కాళ్ళు అప్పటికే అదే నడకలో ఉన్నాయి గనక ఆగవు. ఇంటర్వ్యూలో ఈ పాట పేరు చెప్పి, మన మాస్ పాట నుంచి దీంట్లోకి ఎలా వెళ్తారో చేసి చూపించమనండి. రెండు రోజుల గడువు ఇవ్వండి. పంపిన రికార్డింగ్‌కి మీ కాలు ఆడితే చాలు, సంగీతం తెలియనక్కర్లేదు.

పంజాబీ, హిందీ జట్టుతో మన పాట కలపడం ఇంతకంటే తేలిక. ఎన్నో తెలుగు బాణీలు హిందీకి వెళ్ళాయి. 2009లో 'ఆర్య 2'లో దేవిశ్రీప్రసాద్ కట్టిన 'రింగ రింగ' బాణీయే 2011లో 'రెడీ' సినిమాలో 'ఢింక చికా' అయింది. హిందీలో మొదలుపెట్టి రెండో చరణంలో తెలుగులోకి దూకితే రెండు జట్లూ తమ పాటే పడిందనుకుంటాయి. ఇలాంటివి అతను తనంతట తాను రెండు చెప్పగలిగితే అడ్వాన్సు ఇచ్చెయ్యొచ్చు.

వద్దన్న పాటల జాబితా

కావలసిన పాటల జాబితా అందరూ ఇస్తారు, రెండువందల పాటలిస్తారు. మూడు గంటల్లో అరవై పడితే గొప్ప. ముప్ఫై పాటలిచ్చి మిగతాది అతనికి వదిలెయ్యండి. మీరు శ్రద్ధగా రాయవలసింది వద్దన్న పాటల జాబితా. తెలుగు రాని డీజే ఊపు చూసి పాట వేస్తాడు, మాట చూసి కాదు. ప్రేమ విఫలమై తాగి పాడుకునే పాటకి బ్రహ్మాండమైన బీటు ఉంటుంది. కొత్త దంపతులు లోపలికి వస్తుండగా అది పడిందంటే గుంటూరు టేబులు మొత్తం మొహమొహాలు చూసుకుంటారు. రెగెటాన్‌లో చాలా పాటల మాటలు పచ్చిగా ఉంటాయి. మనకి అర్థంకాదు కదా అనుకోవద్దు, అబ్బాయి నాయనమ్మకి అర్థమవుతుంది. ప్రతి భాషకీ ఆ భాష ఇంట్లో మాట్లాడే మనిషి ఒకరు జాబితా మొత్తం విని సంతకం పెట్టాలి.

తెలుగు జాబితాలో ఇంకో జాగ్రత్త. ఒక హీరో పాటలు నాలుగు పడి ఇంకో హీరోది ఒక్కటీ పడకపోతే ఎవరి మనోభావాలో దెబ్బతింటాయి. నవ్వులాట కాదు, బావమరుదులు డీజే బల్ల చుట్టూ మూగి గోల చేస్తారు. అందరు హీరోలవీ సమానంగా రాసి, ఆ వరసనే వెయ్యమనండి.

అబ్బాయి తరఫు ఆచారాలు కూడా డీజేకి ముందే చెప్పాలి. మెక్సికన్ పెళ్ళిళ్ళలో ఒక ఆట ఉంది: వధూవరులు ఎదురెదురుగా కుర్చీలెక్కి మేలిముసుగుని వంతెనలా పట్టుకుంటారు, అతిథులు చేతులు పట్టుకుని దాని కిందనుంచి పరుగెడతారు. పాట పేరు 'లా వీబొరా దె లా మార్'. పాట వేగం పెరిగేకొద్దీ పరుగూ పెరుగుతుంది, ఎవరో ఒకరు పడతారు. కుర్చీలు పట్టుకోవడానికి నలుగురు దృఢమైన మేనమామలని ముందే నియమించండి. దంపతులతో ఆడుతూ వాళ్ళ బట్టలకి నోట్లు గుచ్చే ఆచారం కూడా ఉంది. ఇది మన చదివింపుల్లాంటిదేనని మైకులో ఒక్క ముక్క చెబితే గుంటూరు పెద్దలు కూడా వరసలో నిలబడతారు. చెప్పకపోతే ఇదేం చోద్యమని చూస్తూ ఉండిపోతారు.

ఆ ఒక్క ముక్క ఎవరు చెప్పాలి? డీజే చెప్పకూడదు. ప్రకటనలకి వేరే మనిషి ఉండాలి, ఇంట్లోవాళ్ళయితే ఇంకా మంచిది. ప్రతిదీ మూడు భాషల్లో చెబితే కార్యక్రమం సాగి సాగి చస్తుంది. ఎవరు లేవాలో వాళ్ళ భాషలో చెబితే చాలు. పేర్లు ఎలా పలకాలో తెలుగులోనే రాసి ఇవ్వండి. అబ్బాయి బాబాయి పేరు హోర్హె. ఆ ఇంగ్లీషు అక్షరాలు చూసి మైకులో జార్జ్ అని పిలిస్తే ఆయన వెనక్కి తిరిగి ఎవరా అని చూస్తాడు.

మండపం దగ్గర

పంతులుగారికి కాలరుకి తగిలించే మైకు ఇస్తారు. ఆయనకి కాలరు ఎక్కడుంది? ఉత్తరీయానికి పెడితే హోమంలో నెయ్యి వేసేటప్పుడల్లా జారుతుంది, గరగరమంటుంది. చెవికి తగిలించే మైకు అడగండి. సముద్రపు గాలికి దానిమీద స్పంజి తొడుగు ఉండాలి. మండపంలో పెట్టిన పెడస్టల్ ఫ్యాను మైకువైపు తిప్పకూడదు. జీలకర్ర బెల్లానికి ముందు బ్యాటరీలు మార్చే బాధ్యత ఒక మనిషిది. అబ్బాయి బంధువులకి ఏం జరుగుతోందో ఇంగ్లీషులోనో స్పానిష్‌లోనో చెప్పే మనిషికి వేరే మైకు, అదీ మంత్రం ఆగినప్పుడే తెరుచుకోవాలి. సన్నాయికి మైకు అక్కర్లేదు. గట్టిమేళం అనగానే డోలు మోగితే హాలు చివరిదాకా వినపడుతుంది.

రిసెప్షన్‌లో స్పీకర్ల చోటు మీరే చూడండి. ముందు రెండు పెద్దవి పెట్టి హోరెత్తించే బదులు చుట్టూ చిన్నవి ఆరు పెడితే అందరికీ సమానంగా వినపడుతుంది. పెద్దవాళ్ళ బల్లలు స్పీకర్ల పక్కన వెయ్యడం మన పెళ్ళిళ్ళలో రివాజు, గౌరవంగా ముందు కూర్చోబెట్టామనుకుంటాం. వాళ్ళు చెవులు మూసుకుని భోంచేస్తారు.

సౌండుకి జనరేటరు విడిగా ఉండాలి, వంటశాలతో కలపొద్దు. పాటలన్నీ పెన్‌డ్రైవులో ఉండాలి, హోటల్ వైఫైని నమ్ముకుని ఆన్‌లైన్‌లో వేసేవాడిని నమ్మొద్దు. యూట్యూబ్ నుంచి దించిన పాత తెలుగు పాట ఇంట్లో బాగానే ఉంటుంది, పెద్ద స్పీకర్లలో డొక్కు రేడియోలా వినపడుతుంది. మంచి నాణ్యత ఉన్న ఫైళ్ళు కొనమనండి.

ఒప్పందంలో మామూలు సంగతులతోపాటు అదనపు గంటకి ఎంత, జీఎస్టీ కలిపా విడిగానా, వాన వస్తే ఎక్కడికి మారాలి, అతనికీ సహాయకులకీ భోజనం, గది ఎవరిస్తారు అన్నవి ఉండాలి. ఆకలితో ఉన్న డీజే పదిన్నరకి సర్దేస్తాడు. పాటల కోరికలు ఒక్క మనిషి ద్వారానే వెళ్ళాలి. ఆ మనిషి అమ్మాయి అన్నయ్యో, అబ్బాయి చెల్లెలో అయితే మంచిది. లేకపోతే "బాబూ, ఒక్కసారి మా కుర్రాడికి ఆ పాట వెయ్యి" అంటూ ప్రతి బాబాయీ బల్ల దగ్గర నిలబడతాడు. డీజేకి కాదనే ధైర్యం ఉండదు.

చివరిగా తేదీల సంగతి. ఆషాఢం, భాద్రపదం, పుష్యం, మూఢాలు తీసేశాక మనకి మిగిలే ముహూర్తాలు కొద్ది. గోవా చల్లగా ఉండే నెలల్లో అవి మరీ కొద్ది. అన్ని తెలుగు పెళ్ళిళ్ళూ ఆ పది పన్నెండు రోజులమీదే పడతాయి. అబ్బాయి తరఫువాళ్ళకి సెలవులు దొరికేది క్రిస్మస్‌కి. అప్పుడు మనకి ముహూర్తాలుండవు, గోవాలో డీజేలందరూ కొత్త సంవత్సరం పార్టీలకి ముందే కుదిరిపోయి ఉంటారు. కాబట్టి పంతులుగారు ముహూర్తం చెప్పి ఫోన్ పెట్టెయ్యగానే రెండో ఫోన్ హోటల్‌కి, మూడో ఫోన్ డీజేకి చెయ్యండి. పూలవాళ్ళూ లైట్లవాళ్ళూ నెల ముందు అడిగినా దొరుకుతారు.